బుగ్గల మీద గడ్డం రాలేదంటే హార్మోన్ తక్కువని కాదు

బాబూ, నువ్వు రాసింది రెండుసార్లు చదివాను. నీకు 20 ఏళ్లు, పర్లాకిమిడిలో డిగ్రీ ఆఖరి సంవత్సరం. మీసం వచ్చింది, చుబుకం మీద కొంచెం వచ్చింది, బుగ్గలు మాత్రం నున్నగానే ఉన్నాయి. మీ నాన్నగారిదేమో ఒత్తు గడ్డం. రోజూ గీస్తే వస్తుందని స్నేహితులన్నారు, ఉల్లిరసం రాయమని ఇంకెవరో అన్నారు, పది వారాలు హార్మోన్ ఇంజెక్షన్లు చేయించుకుంటే చాలని జిమ్‌లో ఒకతను చెప్పాడు. చివర్లో ఒక్క వాక్యంలో మీ అక్క సంగతి రాశావు. ఆమెకు చుబుకం కింద వెంట్రుకలు వస్తున్నాయి, సంబంధాలు చూస్తున్నారు, "తమ్ముడికి రావాల్సింది అక్కకి వచ్చింది" అని చుట్టాలు అంటున్నారు. ఆ మాట నీకూ గుచ్చుకుంది, ఆమెకూ గుచ్చుకుంది. ఇద్దరికీ కలిపే సమాధానం రాస్తాను, ఎందుకంటే ఇద్దరి ముఖాల్లోనూ జరిగే పని ఒకటే.

నేను ఒడిశాలోని రాయగడలో 26 ఏళ్లుగా చర్మవ్యాధులకు వైద్యం చేస్తున్నాను. అటు మునిగుడ నుంచి, ఇటు గుణుపురం నుంచి, కింద పార్వతీపురం వైపు నుంచి మనుషులు వస్తారు. తెలుగులో చెప్పేవాళ్లు, ఒడియాలో చెప్పేవాళ్లు, కువి తప్ప ఇంకో భాష రానివాళ్లు. గడ్డం గురించి అడగడానికి వచ్చే కుర్రాళ్లు మాత్రం ఏ భాషవాళ్లయినా ఒకేలా వస్తారు. ముందు చుండ్రు అంటారు, మెడ మీద మచ్చ చూపిస్తారు. చీటీ రాసిచ్చాక లేచి తలుపు దాకా వెళ్లి, వెనక్కి తిరిగి, "ఇంకో సంగతి సార్" అంటారు. ఆ ఇంకో సంగతి కోసమే బస్సెక్కి వచ్చి ఉంటారు. కాబట్టి నువ్వు సూటిగా అడిగినందుకు నాకు సంతోషంగా ఉంది.

ముందు ఇంజెక్షన్ మాట తేల్చేద్దాం. అది చేయించుకోకు. అందులో ఉండేది టెస్టోస్టెరాన్ అనే మగ హార్మోన్. మగవాడి ఒంట్లో అది దాదాపు అంతా వృషణాల్లోనే తయారవుతుంది. అదీ, వీర్యకణాలూ ఎంత తయారవ్వాలో మెదడు కింద ఉండే పిట్యూటరీ గ్రంథి రెండు హార్మోన్ల ద్వారా కబురు పంపుతుంది. ఒకటి ఎల్‌హెచ్, రెండోది ఎఫ్‌ఎస్‌హెచ్. నువ్వు బయటి నుంచి సూదితో ఎక్కించావనుకో, రక్తంలో కావలసినంత ఉంది కదా అని మెదడు ఆ కబురు ఆపేస్తుంది. కబురు ఆగితే వృషణాలు పని మానేస్తాయి, చిన్నబడతాయి, వీర్యకణాలు పడిపోతాయి. ఇది నా ఊహ కాదు. ఇదే మందును మగవాళ్లకు గర్భనిరోధకంగా వాడవచ్చా అని ప్రపంచ ఆరోగ్య సంస్థ పరీక్షించి 1990లో ఫలితాలు ప్రకటించింది. వారానికి 200 మిల్లీగ్రాముల ఇంజెక్షన్ ఇస్తే సగానికి పైగా మగవాళ్లలో వీర్యకణాలు పూర్తిగా లేకుండా పోయాయి. పిల్లలు పుట్టకుండా ఉండటానికి పరీక్షించిన మందుని గడ్డం కోసం పొడిపించుకోమంటున్నారన్నమాట.

ఒక కుర్రాడు వీపంతా చీము మొటిమలతో నా దగ్గరికి వచ్చాడు. పెళ్లయి రెండేళ్లు. మొటిమలు ఆ వయసులో అంత ఉధృతంగా రావడం మామూలు కాదు కాబట్టి జిమ్ సంగతి అడిగాను. మూడు కోర్సులు చేయించుకున్నానన్నాడు. పిల్లలు కలగడం లేదని అప్పటికే ఆ అమ్మాయిని మూడు ఆసుపత్రులు తిప్పారు, ఆమెకు స్కానింగులు చేయించారు, మొక్కులు మొక్కారు. అతని వీర్యం ఒక్కసారి కూడా పరీక్ష చేయించలేదు. చేయిస్తే కణాలు సున్నా. ఇంజెక్షన్లు మానేశాక కోలుకోవడానికి 14 నెలలు పట్టింది. కొందరికి అంతకన్నా ఎక్కువ పడుతుంది, కొందరికి పూర్తిగా తిరిగి రాదు. పైగా ఆ ఇంజెక్షన్లతో రక్తం చిక్కబడుతుంది, నెత్తి మీద జుట్టు ఊడే గుణం వంశంలో ఉంటే అది తొందరపడుతుంది. ఇంతా చేసి అతనికి బుగ్గల మీద గడ్డం పెద్దగా రాలేదు. ఎందుకు రాలేదో తెలియాలంటే అసలు గడ్డం ఎలా వస్తుందో చూడాలి.

పసిపిల్లలకు సున్నిపిండితో నలుగు పెట్టేటప్పుడు ఒంటి మీద సన్నటి నూగు చూసే ఉంటావు. మన ముఖమంతా అలాంటి నూగు వెంట్రుకలే. ఆడవాళ్లకూ మగవాళ్లకూ ముఖం మీద ఉండే వెంట్రుకల కుదుళ్లు దాదాపు ఒకే సంఖ్యలో ఉంటాయి. గడ్డం రావడం అంటే కొత్త కుదుళ్లు పుట్టడం కాదు. ఉన్న కుదురే పెద్దదై, రంగు లేని సన్నని నూగు బదులు నల్లని మందపాటి వెంట్రుకను పుట్టించడం. ఆ మార్పు తెచ్చేది మగ హార్మోన్లు. టెస్టోస్టెరాన్ రక్తంలో కుదురు దాకా వస్తుంది. అక్కడ ఫైవ్ ఆల్ఫా రిడక్టేజ్ అనే ఎంజైమ్ దాన్ని డీహెచ్‌టీగా మారుస్తుంది. ఇది టెస్టోస్టెరాన్ కన్నా గట్టిగా పనిచేసే రూపం. కుదురు అడుగున ఉండే కణాల్లో దాన్ని పట్టుకునే గ్రాహకాలుంటాయి, తాళానికి తాళంచెవిలాగా. గ్రాహకం చురుకుగా ఉన్న కుదురు హార్మోన్ మాట వింటుంది. గ్రాహకం మందకొడిగా ఉన్న కుదురు పక్కనే ఉన్నా వినదు.

కాలవ నీరు ఒకటే అయినా మడి మడికీ మట్టి వేరు కదా. ఒక మడిలో పైరు మోకాలెత్తు వస్తే గట్టు అవతల మడిలో జానెడు రావచ్చు. రెండో మడికి ఇంకా నీళ్లు పెట్టినంత మాత్రాన పైరు పెరగదు, కుళ్లుతుంది. మీసం దగ్గర కుదుళ్లు కొంచెం హార్మోన్‌కే లేస్తాయి. నీకు చుబుకం ఆ తర్వాత. నీ బుగ్గల మీదివి అన్నిటికన్నా మొండివి. నీకు మీసం వచ్చిందంటే, గొంతు మారిందంటే హార్మోన్ నీ ఒంట్లో ఉంది, అది ముఖం దాకా వస్తోంది. బుగ్గల కుదుళ్లు ఇంకా మాట వినలేదు, అంతే. చాలామంది మగవాళ్లలో రక్తంలోని టెస్టోస్టెరాన్ మామూలు పరిధిలోనే ఉంటుంది. ఒకరికి ఒత్తుగానూ ఒకరికి పలచగానూ రావడానికి కారణం చాలావరకు కుదురు దగ్గరి ఈ తేడానే.

డీహెచ్‌టీ ఇందులో ఎంత ముఖ్యమో 1974లో తెలిసింది. డొమినికన్ రిపబ్లిక్ అనే దేశంలో కొన్ని కుటుంబాల్లో పుట్టుకతోనే ఆ ఎంజైమ్ సరిగా లేని మగవాళ్లను పరిశోధకులు చూశారు. వాళ్లకు టెస్టోస్టెరాన్ మామూలుగానే ఉంది, యుక్తవయసులో కండలు పెరిగాయి, గొంతు మారింది. గడ్డం మాత్రం బాగా పలచన. వాళ్లకు బట్టతల కూడా రాలేదు. ముఖం మీద వెంట్రుకను పెంచే డీహెచ్‌టీయే బట్టతల గుణం ఉన్న నెత్తి మీద కుదురును కుదించేస్తుంది. ఒకే హార్మోన్‌కు రెండు చోట్ల రెండు జవాబులు. బట్టతలకు వాడే ఫినాస్టెరైడ్ మందు ఈ ఎంజైమ్‌ను ఆపే మందే. నీ స్నేహితుల్లో ఎవరైనా జుట్టు కోసం అది వాడుతూ ఇంకోవైపు గడ్డం కోసం తాపత్రయపడుతుంటే ఈ సంగతి వాళ్లకు చెప్పు.

ఇక వంశం. నాన్నగారికి ఒత్తుగా ఉంది కాబట్టి నీకూ రావాలని నువ్వు లెక్క వేసుకున్నావు. మగ హార్మోన్‌ను పట్టుకునే గ్రాహకానికి సంబంధించిన జన్యువు ఎక్స్ క్రోమోజోమ్ మీద ఉంటుంది. మగపిల్లవాడికి ఎక్స్ వచ్చేది తల్లి నుంచి. అందుకని ఎవరైనా నన్ను ఇలా అడిగితే నేను మొదట అడిగేది మేనమామ గురించి. ఇదొక్క జన్యువే అంతా నిర్ణయించదు, ఇంకా చాలా ఉన్నాయి, అవి రెండు వైపుల నుంచీ వస్తాయి. అయినా మీ మేనమామ పాత పెళ్లి ఫొటో ఒకటి తీసి చూడు. బుగ్గలు ఏ వయసులో నిండాయో ఆయన్నే అడుగు. తాతగారిని తెలిసినవాళ్లుంటే వాళ్లనీ అడుగు. ల్యాబ్ రిపోర్టు కన్నా ఎక్కువ సంగతులు అక్కడ దొరకవచ్చు.

వయసు గురించి కూడా తొందర పడుతున్నావు. గడ్డం వచ్చే వరుస చాలామందిలో ఇలా ఉంటుంది. మొదట పెదవి పై అంచుల్లో నూనూగు, తర్వాత మీసం మొత్తం, తర్వాత బుగ్గల పైభాగం, కింది పెదవి కింద, చివరికి దవడలు, చుబుకం. కొందరికి చుబుకం ముందూ బుగ్గలు వెనుకా అవుతాయి, నీలాగ. డీహెచ్‌టీ తగలగానే ఆ పూటకి వెంట్రుక లావైపోదు. ఒక వెంట్రుక రాలి, మళ్లీ మొలిచి, మళ్లీ రాలి, ఇలా ప్రతి విడతకూ కొంచెం కొంచెం మందం పెరుగుతుంది. అందుకే 20లో నున్నగా ఉన్న బుగ్గలు 27లో నిండటం నేను ఎన్నోసార్లు చూశాను. అమెరికాలో జేమ్స్ హామిల్టన్ అనే పరిశోధకుడు మగవాళ్ల గడ్డం వెంట్రుకలు సేకరించి తూకం వేశాడు. తెల్లజాతివాళ్లకూ జపాన్‌వాళ్లకూ పోల్చి 1958లో రాశాడు. ముప్ఫైల దాకా గడ్డం బరువు పెరుగుతూనే ఉంటుందనీ, జాతిని బట్టి చాలా తేడా ఉంటుందనీ ఆ పని చూపించింది. జపాన్ మగవాళ్లకు గడ్డం పలచన, అంతమాత్రాన వాళ్లకు మగతనం తక్కువని ఎవరూ అనరు కదా.

రోజూ గీస్తే వస్తుందా? రాదు. 1928లోనే మిల్డ్రెడ్ ట్రాటర్ అనే శాస్త్రవేత్త గీయించుకున్న వెంట్రుకలను కొలిచి, పొడవు పెరిగే వేగంలో గానీ మందంలో గానీ మార్పు లేదని చూపించింది. వెంట్రుక పుట్టేది చర్మం లోపల కుదురులో, బ్లేడు తగిలేది పైన. వెంట్రుక కొన సహజంగా సన్నగా ఉంటుంది. కోస్తే మొద్దు అంచు మిగులుతుంది. వరి కోసిన చేలో నడిస్తే కొయ్యకాళ్లు కాలికి గుచ్చుకుంటాయి, అదే పైరు నిలబడి ఉన్నప్పుడు మెత్తగా తగులుతుంది. గీసిన గడ్డం గరుకు కూడా అలాంటిదే. సెలూన్‌కి వెళ్లడం నీ ఇష్టం, నేను వద్దనను. ప్రతి మనిషికీ కొత్త బ్లేడు వేయమని మాత్రం అడుగు.

ఉల్లిరసం గురించి క్లుప్తంగా చెప్తాను. బుగ్గలు కాలి, మంట పుట్టి, నల్లమచ్చలతో వచ్చినవాళ్లను చూశాను. గడ్డంతో వచ్చినవాళ్లను చూడలేదు.

మినాక్సిడిల్ సంగతి వేరు, అది అబద్ధపు మందు కాదు. రక్తపోటుకు మాత్రగా ఇస్తే ఒంటి మీద వెంట్రుకలు పెరగడం గమనించి, నెత్తికి రాసే మందుగా మార్చారు. గడ్డం కోసం దాన్ని ఆమోదించలేదు. థాయ్‌లాండ్‌లో చేసిన ఒక చిన్న పరీక్షలో కొంత ఫలితం కనిపించింది. కొందరు కుర్రాళ్లకు నేనూ ఇచ్చాను, 23, 24 దాటి, అన్నీ మామూలుగా ఉండి, ఎంత చెప్పినా మనసు ఊరుకోనివాళ్లకు. అది హార్మోన్ కాదు, కుదురు పెరిగే కాలాన్ని పొడిగిస్తుంది. చర్మం పొడిబారి పొట్టు లేస్తుంది, కొందరికి గుండె దడ వస్తుంది. గుండె జబ్బు ఉన్నవాళ్లు ముట్టుకోకూడదు. రాసుకున్న బుగ్గ పసిపిల్లలకు ఆనించకూడదు. ఇంట్లో పిల్లి ఉంటే అసలు వద్దు. దిండు మీద అంటిన మందు, బుగ్గ మీద ఉన్న మందు పిల్లి నాకితే చచ్చిపోవచ్చు. ఇది ఎవరూ చెప్పరు, అందుకని రాస్తున్నాను. నీకు 20 ఏళ్లే కాబట్టి నేనైతే ఇప్పుడు ఇవ్వను.

బయోటిన్ అనే విటమిన్ మాత్రలు కొనకు. బయోటిన్ లోపం ఉన్నవాళ్లకు తప్ప వాటివల్ల వెంట్రుకలు రావు. పైగా థైరాయిడ్, టెస్టోస్టెరాన్ లాంటి రక్తపరీక్షల్లో అంకెలను తప్పుగా చూపిస్తాయి. ఎవరైనా వేసుకుంటుంటే పరీక్షకు ముందు ఆపి, ఆ సంగతి డాక్టరుకు చెప్పాలి.

ఇప్పుడు, గడ్డం రాకపోవడం నిజంగా జబ్బుకు గుర్తు అయ్యేది ఎప్పుడు? మన జిల్లాల్లో దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు, కాబట్టి కొంచెం వివరంగా చెప్తాను.

గడ్డం ఒక్కటే కాకుండా మిగతావి కూడా రాలేదా అన్నది అసలు ప్రశ్న. గొంతు మారిందా? చంకల్లో, పొత్తికడుపు కింద వెంట్రుకలు వచ్చాయా? వృషణాలు పెరిగాయా? నిద్రలేచేసరికి అంగం గట్టిపడటం ఉందా? ఇవన్నీ ఉంటే హార్మోన్ సరిగానే ఉంది. 14 ఏళ్లు దాటినా వృషణాలు పెరగడం మొదలవ్వకపోతే మాత్రం ఇంట్లో దాచకుండా డాక్టరుకు చూపించాలి.

కొన్నేళ్ల కిందట 17 ఏళ్ల అబ్బాయిని వాళ్ల నాన్న తీసుకొచ్చాడు. "వీడి ఈడువాళ్లకు మీసాలొచ్చాయి, వీడు ఇంకా పిల్లాడిలాగే ఉన్నాడు" అన్నాడు. పొట్టిగా, సన్నగా ఉన్నాడు, గొంతు ఇంకా పిల్లగొంతే. నేను ముఖం కన్నా ముందు కళ్లు చూశాను. పచ్చగా ఉన్నాయి. చలికాలం వస్తే కాళ్లూ చేతులూ నొప్పులని నెలకో వారం బడి మానేస్తాడట. అందరూ వాతం నొప్పులనుకున్నారు. రక్తపరీక్షలో సికిల్ సెల్ జబ్బు తేలింది, అంటే ఎర్ర రక్తకణాలు కొడవలి ఆకారంలోకి మారే వంశపారంపర్య జబ్బు. ఆ జబ్బు ఉన్న పిల్లల్లో ఎదుగుదల, యుక్తవయసు రెండూ ఆలస్యం అవుతాయి. ఆ అబ్బాయికి కావలసింది గడ్డం మందు కాదు, హైడ్రాక్సీయూరియా, ఫోలిక్ యాసిడ్, సరైన తిండి, రెగ్యులర్‌గా పరీక్షలు. 20 దాటాక అతనికి మీసం వచ్చింది. రాయగడ, కోరాపుట్ వైపూ, అటు మహారాష్ట్రలో గడ్చిరోలి వైపూ ఈ జబ్బు ఎక్కువ. 2023 జూలైలో మొదలైన జాతీయ సికిల్ సెల్ నిర్మూలన కార్యక్రమంలో పరీక్ష ఉచితంగా చేసి కార్డు ఇస్తున్నారు. తలసీమియాతో తరచూ రక్తం ఎక్కించుకునే పిల్లల్లో కూడా ఇనుము పేరుకుని హార్మోన్ గ్రంథులు దెబ్బతింటాయి.

తిండి చాలక కూడా ఎదుగుదల ఆగుతుంది. మన భారతదేశంలో పుట్టిన ఆనంద ప్రసాద్ అనే వైద్యుడు 1960ల మొదట్లో ఇరాన్‌లోనూ ఈజిప్టులోనూ పొట్టిగా, యుక్తవయసు గుర్తులు లేకుండా ఉన్న యువకులను చూసి, జింక్ లోపమే అందుకు కారణమని చూపించాడు. అంతమాత్రాన నువ్వు జింక్ మాత్రలు మింగనక్కర్లేదు. గుడ్డు, చేప, పప్పు, శనగలు, నువ్వులు తింటున్నవాడికి లోపం రాదు. మందు, జీలుగు కల్లు రోజూ తాగేవాళ్లకు మాత్రం కాలేయం, వృషణాలు రెండూ దెబ్బతిని హార్మోన్ తగ్గుతుంది. పొట్ట బాగా పెరిగినవాళ్లలో కొవ్వు కణాలు టెస్టోస్టెరాన్‌ను ఆడ హార్మోన్‌గా మారుస్తాయి. నిద్ర సంగతి కూడా చిన్నది కాదు. షికాగోలో పదిమంది ఆరోగ్యవంతులైన యువకులను వారం పాటు రాత్రికి 5 గంటలే పడుకోనిస్తే పగటి టెస్టోస్టెరాన్ 10 నుంచి 15 శాతం తగ్గిందని 2011లో ప్రచురించారు. అలాగని బాగా పడుకుంటే బుగ్గలు నిండిపోతాయని చెప్పను. ఫోన్ పక్కన పెట్టి పడుకోమని మాత్రం చెప్తాను.

పుట్టుకతో వచ్చే కొన్ని కారణాలున్నాయి. బాగా పొడుగ్గా ఉండి, వృషణాలు చిన్నగా గట్టిగా ఉండి, గడ్డం పలచగా ఉంటే క్లైన్‌ఫెల్టర్ అనే స్థితి కావచ్చు, అంటే ఒక ఎక్స్ క్రోమోజోమ్ అదనంగా ఉండటం. సుమారు 500 నుంచి 1000 మంది మగపిల్లల్లో ఒకరికి ఉంటుంది, పెళ్లయ్యాక పిల్లలు లేరని పరీక్షిస్తే గానీ చాలామందికి తెలియదు. వాసన తెలియని కుర్రాడికి యుక్తవయసు రాకపోతే అది కాల్‌మన్ అనే ఇంకో స్థితి. పెద్దయ్యాక గవదబిళ్లలు వచ్చి వృషణాలు వాచినవాళ్లనూ గమనించాలి. ఇలాంటివాళ్లకు డాక్టరు పర్యవేక్షణలో ఇచ్చే టెస్టోస్టెరాన్ నిజంగా మేలు చేస్తుంది. మందు చెడ్డది కాదు, అవసరం లేనివాడికి ఇవ్వడం చెడ్డది.

ఉన్న గడ్డం పోవడం ఇంకో సంగతి. రూపాయి బిళ్లంత మేర నున్నగా ఊడితే మనవాళ్లు పేనుకొరుకుడు అంటారు. పేను కొరకదు, పురుగు నాకదు. మన రోగనిరోధక శక్తే పొరబాటున కుదురు మీద దాడి చేస్తుంది. చాలామందికి నెలల్లో తిరిగి వస్తుంది, కావాలంటే చిన్న ఇంజెక్షన్లు ఉన్నాయి, అవి వేరే మందు. కానీ మచ్చ పాలిపోయి, అక్కడ వెంట్రుక రాలి, దూదితో తాకితే తెలియకపోతే, లేదా కనుబొమల బయటి చివర్లు ఊడిపోతుంటే కుష్టు పరీక్ష చేయించాలి. ఒడిశాలో ఆ జబ్బు ఇంకా ఉంది, మందు ప్రభుత్వ ఆసుపత్రిలో ఉచితం, పూర్తిగా నయమవుతుంది. ముదిరిన కుష్టు వృషణాలను కూడా దెబ్బతీసి గడ్డం తగ్గిస్తుంది. కనుబొమల చివర్లు ఊడటం థైరాయిడ్ తక్కువైనా జరుగుతుంది, కాబట్టి అది ఒక్కటే చూసి భయపడకండి.

ఇక మీ అక్క. ఆమెను ఈ జవాబు చదవమను.

అమ్మా, ఆడవాళ్ల ఒంట్లో కూడా టెస్టోస్టెరాన్ ఉంటుంది. అండాశయాలూ, మూత్రపిండాల మీద ఉండే అడ్రినల్ గ్రంథులూ కొద్దిగా తయారుచేస్తాయి. మీ తమ్ముడి బుగ్గల కుదుళ్లు హార్మోన్ ఎక్కువగా ఉన్నా వినడం లేదు. మీ చుబుకం కుదుళ్లు కొద్దిపాటి హార్మోన్‌కే వింటున్నాయి. లేదా ఆ హార్మోన్ కొంచెం ఎక్కువైంది. ఈ రెంటిలో ఏదో తేల్చాలి. నెలసరి సరిగ్గా వస్తూ, అమ్మకో పిన్నికో ఇలాగే ఉంటే మొదటిదే అయ్యే అవకాశం ఎక్కువ. నెలసరి 35 రోజులు దాటి వస్తుంటే, బరువు పెరిగితే, మొటిమలుంటే, మెడ వెనుక నల్లగా మందంగా అయితే పీసీఓఎస్ అనే అండాశయాల హార్మోన్ సమస్య అయ్యే అవకాశం ఉంది. ఆ నలుపు మురికి కాదు. ఎంతమంది ఆడపిల్లలు దాన్ని పీచుతో రక్తం వచ్చేలా రుద్దుకుని నా దగ్గరికి వచ్చారో. ఒంట్లో ఇన్సులిన్ సరిగా పనిచేయక ఎక్కువగా తయారవుతోందనడానికి ఆ నలుపు గుర్తు. ఎక్కువైన ఇన్సులిన్ అండాశయం చేత మగ హార్మోన్ ఎక్కువ చేయిస్తుంది. బరువు ఐదు, పది శాతం తగ్గినా నెలసరి దారిలో పడటం చాలామందిలో చూస్తాం.

వేసుకున్న మందులన్నీ డాక్టరుకు చెప్పండి. మూర్ఛకు ఇచ్చే ఫెనిటాయిన్ వల్ల ముఖం మీద వెంట్రుకలు పెరుగుతాయి. కీళ్లనొప్పులకని, ఆయాసానికని పేరు లేని పొట్లాల్లో ఇచ్చే మాత్రల్లో స్టెరాయిడ్ ఉంటే అదీ పెంచుతుంది. తెల్లబడటానికని షాపులో కొనే క్రీములు, తామరకు రాసే మిశ్రమ క్రీములు ముఖానికి నెలల తరబడి రాస్తే చర్మం పలచబడి, ఎర్రబడి, నూగు దట్టమవుతుంది. ఈ క్రీముల వల్ల పాడైన ముఖాలు వారంలో ఒకటైనా చూస్తున్నాను, మనసు బాధగా ఉంటుంది. కొన్ని నెలల్లోనే వెంట్రుకలు దట్టంగా వచ్చి, గొంతు బొంగురుపోయి, నెత్తి ముందు భాగం ఊడుతుంటే మాత్రం ఆగకుండా బరంపురమో విశాఖపట్నమో పెద్ద ఆసుపత్రికి వెళ్లాలి. అండాశయంలో గానీ అడ్రినల్‌లో గానీ గడ్డ ఉందేమో చూడాలి. ఇది అరుదు.

వైద్యం ఉంది. హార్మోన్‌ను సరిచేసే మాత్రలు, కుదురు దగ్గర దాన్ని అడ్డుకునే స్పైరనోలాక్టోన్ లాంటివి. స్పైరనోలాక్టోన్ వాడుతుండగా గర్భం రాకూడదు, కాబట్టి పెళ్లి తేదీ దగ్గరలో ఉంటే ముందే చెప్పాలి. ఏ మాత్రకైనా 6 నెలలు ఇవ్వాలి, ఎందుకంటే ఇప్పుడు ఉన్న వెంట్రుక తన కాలం తీరి రాలాలి, తర్వాత వచ్చేది సన్నగా రావాలి. లేజర్ నల్లని మందపాటి వెంట్రుకకు బాగా పనిచేస్తుంది. లోపల హార్మోన్ సరిచేయకుండా లేజర్ చేస్తే డబ్బు పోతుంది, వెంట్రుక తిరిగి వస్తుంది. బుగ్గల మీది సన్న నూగుకు లేజర్ పెట్టించుకోకండి, మన చర్మాలకు ఒక్కోసారి అది మందంగా మారి కూర్చుంటుంది. దారంతో తీయించుకున్నా, గీసుకున్నా వెంట్రుక ఎక్కువ కాదు, కాబట్టి ఈలోగా ఏది వీలైతే అది నిర్భయంగా చేసుకోండి. పసుపు రాస్తే వెంట్రుక పోతుందని మా అమ్మ కూడా నమ్మేది. కంధమాల్ పసుపు ఎంత మంచిదైనా కుదురు దాకా దిగదు.

పెళ్లయితే అదే తగ్గిపోతుందని ఎవరైనా అంటే నమ్మకండి. పీసీఓఎస్ ఉంటే పిల్లలు పుట్టరని ఎవరైనా అంటే అది కూడా నమ్మకండి, ఎక్కువమందికి పుడతారు, కొందరికి కొంచెం మందు సాయం కావాలి.

బాబూ, నీకు మనసు ఊరుకోకపోతే ఒక్కసారి పరీక్ష చేయించుకో. టెస్టోస్టెరాన్ ఉదయం ఎక్కువ, సాయంత్రానికి తగ్గుతుంది, కాబట్టి 10 గంటలలోపు, ఏమీ తినకుండా రక్తం ఇవ్వాలి. మధ్యాహ్నం ఇచ్చిన రక్తంలో తక్కువ వచ్చిందని హడలిపోయి వచ్చినవాళ్లున్నారు. తక్కువ వస్తే ఇంకో రోజు ఉదయం మళ్లీ చేయించి, ఎల్‌హెచ్, ఎఫ్‌ఎస్‌హెచ్ కూడా చూడాలి. జ్వరం వచ్చి తగ్గిన వారంలో చేయించకు. అక్కని కూడా తీసుకెళ్లు, ఆమెకు ఆడ డాక్టరు కావాలంటే ఆ మాట అడుగు. ఆ జిమ్ అతను ఇప్పటికే నీకు ఒకటో రెండో సూదులు వేసి ఉంటే, అది నువ్వు రాయలేదేమోనని నా అనుమానం, డాక్టరు గదిలోకి వెళ్లగానే ముందు ఆ సంగతే చెప్పు. సీసా దొరికితే జేబులో వేసుకుని వెళ్లు.